ఆఖరి రీల్లో సన్నాయి

"ఆఖరి రీలు తీసెయ్యవయ్యా ముస్తాక్. మిగతా బొమ్మ కళ్ళు మూసుకుని కొంటా" అన్నాడు వెంకటకృష్ణారావు, చల్లపల్లి సినిమా హాలు మెట్లెక్కుతూనే.

విజయవాడ గాంధీనగర్‌లో ఆయన పేరున్న డిస్ట్రిబ్యూటరు. ముస్తాక్‌కి ఇదే మొదటి సినిమా. నిన్నమొన్నటిదాకా పరిషత్తు పోటీల్లో నాటకాలు ఆడించినవాడు.

"అది తీసేస్తే సినిమానే లేదండీ" అన్నాడు ముస్తాక్.

"అందులో ఏముందయ్యా? తుపానుకి ఊరు ఖాళీ అయిపోతుంది. ముసలాయనొకడు కూలిన అరుగు మీద కూర్చుని సన్నాయి వాయిస్తాడు. వెళ్ళిపోయినోళ్ళు బురదలో పడి ఒక్కొక్కళ్ళే వెనక్కొస్తారు. మాట లేదు, ఫైటు లేదు. రీలంతా పీపీపీ! ఎవరు కూర్చుంటారు?"

"ముందు ఆ సన్నాయే రికార్డు చేయించానండీ. అది వింటూనే సీను రాసుకున్నా. దాని మీదే నటుల్ని నడిపించా. నాటకమైనా సినిమా అయినా నాకు ముందు వినపడుతుంది, ఆ తర్వాతే కనపడుతుంది."

"నీకు వినపడితే చాలదుగా! సరే, ఇవాళ మ్యాట్నీకి ఊళ్ళోవాళ్ళందర్నీ రమ్మన్నాం. ఆ రీలు నడుస్తుండగా జనం లేచి బయటికొచ్చారో, కోసెయ్యాలి. మాటేనా?"

"మాటేనండీ" అన్నాడు ముస్తాక్.

"మీ పందేలు తర్వాత. నేనింకా బొమ్మ చూడనేలేదు, వెళ్ళి కూర్చుంటాను" అంటూ వెంకటకృష్ణారావుతో వచ్చిన ఆయన భార్య శివపార్వతి లోపలికి వెళ్ళిపోయింది. వెంకటకృష్ణారావు మాత్రం కుర్చీ తెప్పించుకుని తలుపు దగ్గరే కాపలా కూర్చున్నాడు.

బొమ్మ మొదలైంది. జనం నవ్వాల్సిన చోట నవ్వారు, ఈల వెయ్యాల్సిన చోట వేశారు. ముస్తాక్ వెనక గోడకి ఆనుకుని నిలబడ్డాడు. ఆఖరి రీలు వచ్చింది. తెర మీద ముసలాయన సన్నాయి తుడిచి పెదాలకి ఆనించుకున్నాడు.

స్పీకర్లు కిర్రుమన్నాయి. అంతే, వాటి నోరు పడిపోయింది.

"సౌండ్! సౌండ్!" నేల క్లాసులోంచి కేకలు లేచాయి. ఎవరో బెంచీ మీద దబదబా బాదారు.

ముస్తాక్ ఒక్క పరుగున ఆపరేటర్ గదిలోకి వెళ్ళాడు. కాలిన వైరు కంపు గుప్పుమంది.

"సౌండు మిషను మాడిపోయిందండీ! బొమ్మ వస్తది గానీ ఇంక సౌండు రాదు. ఆపేస్తున్నా" అంటూ ఆపరేటరు స్విచ్చి మీద చెయ్యేశాడు.

ముస్తాక్ గోడకున్న కంతలోంచి తెర వైపు చూశాడు. ముసలాయన బుగ్గలు పొంగుతున్నాయి. వేళ్ళు సన్నాయి మీద పరుగులు తీస్తున్నాయి. చంకలో చాప చుట్టతో ఊరు దాటుతున్న మనిషొకడు టక్కున ఆగి, చెవి అటు తిప్పాడు. అతని వెనకే బిడ్డనెత్తుకున్న ఆడమనిషి ఆగింది. ఇద్దరూ మెల్లగా వెనక్కి తిరిగారు.

కింద కేకలు సన్నగిల్లాయి. "ఉండెహె, చూడనీ!" అని ఎవరో కసిరారు. ఆ తర్వాత ఆ ఒక్క గొంతు కూడా లేదు.

ముస్తాక్ ఆపరేటరు చెయ్యి పట్టుకున్నాడు. "ఆపొద్దు."

"సౌండు లేకుండానా?"

"ఆపొద్దన్నానా!"

తెర మీద ఒకరి వెనక ఒకరు, మోకాలి లోతు బురదలో, ఊరంతా తిరిగొస్తోంది. హాల్లో ప్రొజెక్టరు గరగర తప్ప చప్పుడు లేదు. ఒక్క కుర్చీ కదల్లేదు. రీలు అయిపోయింది. లైట్లు వెలిగాయి. జనం ఉన్నట్టుండి రేకుల కప్పు ఎగిరిపోయేలా చప్పట్లు కొట్టారు.

ముస్తాక్ కళ్ళు తుడుచుకుని కిందికి దిగాడు.

వెంకటకృష్ణారావు కుర్చీలోంచి లేచాడు. "ఒక్కడూ బయటికి రాలేదు, ఒప్పుకుంటా. కానీ ఇది లెక్కలోకి రాదయ్యా! సన్నాయి మోగితే కదా జనానికి విసుగు పుట్టేది? అదృష్టం కొద్దీ మిషను పోయింది. బాగు చేయించాక మళ్ళీ వేసి చూద్దాం."

ముస్తాక్ ఏదో చెప్పబోయాడు. ఇంతలో జనాన్ని తోసుకుంటూ శివపార్వతి బయటికొచ్చింది. పైట చెంగుతో కళ్ళొత్తుకుంటూ మొగుడి చెయ్యి పట్టుకుంది.

"ఏవండీ, ఆఖర్న ఆ సన్నాయి వాయించిందెవరండీ? ఇంకా నా చెవుల్లో మోగుతూనే ఉంది!"