మొహం కనపడని అమ్మాయి

అంట్లు తోముతున్న చేత్తోనే వచ్చి తల్లి కెమెరా అద్దం మూసేసింది.

"తీసిందంతా చెరిపెయ్. నా కళ్ళ ముందే చెరిపెయ్."

కెమెరా వెనక ఉన్న విలేకరి లేచి నిలబడింది. కోర్టు కేసుల మీద డాక్యుమెంటరీలు తీస్తుందావిడ. అద్దానికి అంటిన సబ్బునురగైనా తుడుచుకోలేదు.

"పిన్నీ, మీ అమ్మాయి మొహం కనపడనివ్వను. చీకట్లో నీడలా..."

"దగ్గు విని మనిషిని పోల్చే వీధి మాది. నీడ చూసి పోల్చరా? బట్టల ఫ్యాక్టరీ యజమాని మీద నోరు విప్పింది ఇదేనని తెలిస్తే బతకనిస్తాడా? నీకేం తల్లీ, పెట్టె సర్దుకుని చక్కా పోతావు!"

విలేకరి మీటలు నొక్కి, అంతా చెరిపేసి, ఖాళీ తెర చూపించింది.

ఆమె గుమ్మం దాటుతుంటే కూతురు వెనకే పరిగెత్తింది.

"అక్కా, నన్ను తీసెయ్యండి. నా మాటలు మాత్రం పోనివ్వకండి. అక్కడ ఇంకా చిన్నపిల్లలు పనిచేస్తున్నారు."

తల్లి కూతుర్ని రెక్క పట్టుకుని లోపలికి లాక్కొచ్చింది.

వానలు మొదలయ్యాక ఆ డాక్యుమెంటరీ టీవీలో వచ్చింది.

చీకటి గది. కిటికీకి ఎదురుగా ఒక ఆడమనిషి నీడ. గొంతు మార్చేశారు. మాటలు మాత్రం కూతురివే, పొల్లు పోకుండా.

"ఎవరి బిడ్డోగానీ, గుండె రాయి చేసుకుని చెప్పిందమ్మా!" అంది పక్కింటావిడ.

ఆవిడ వెళ్ళగానే తల్లి తలుపు గడియ పెట్టింది.

"చెరిపినట్టు నాటకమాడి ఎక్కడో దాచుకుంది, దొంగమొహంది!"

కూతురేదో చెప్పబోయింది.

"నోర్ముయ్!"

కొన్నాళ్ళు తలుపు గడియ తియ్యలేదు. ఎవరూ వెతుక్కుంటూ రాలేదు. అయినా తల్లి కడుపుమంట చల్లారలేదు. కొంగు బిగించి విలేకరి ఆఫీసుకి వెళ్ళింది.

అక్కడ ఎడిటర్ ఒక్కడే ఉన్నాడు.

"ఏదయ్యా మీ మహాతల్లి? పిలు. రెండు పీకి పోతాను."

"ఇక రాదమ్మా." అతను ఆమె ముందుకి కుర్చీ జరిపాడు. "టీవీలో వచ్చిన మర్నాడే ఆ ఫ్యాక్టరీ యజమాని మనుషులు మా మెట్ల దగ్గర ఆపారు. ఆ నీడ ఎవరిదో చెప్పమని కొట్టారు. చెప్పలేదు. ఆస్పత్రికి తీసుకెళ్ళేలోపే..."

తల్లి కుర్చీ అంచు పట్టుకుంది.

"అయ్యో... ఎంత పని జరిగిందయ్యా!" కాసేపటికి కళ్ళొత్తుకుంది. "పోయినావిణ్ణి అనకూడదు. కానీ నా బిడ్డ బొమ్మ ఇంకా మీ దగ్గరుంది కదా. నీ కాళ్ళు పట్టుకుంటాను నాయనా, ఇప్పుడైనా చెరిపెయ్."

ఎడిటర్ అసలు తీసిన దృశ్యం తెర మీద పెట్టి, వెలుతురు కొంచెం కొంచెంగా పెంచాడు.

చీకటి పలచబడేకొద్దీ ముందు చెవి, తరవాత చెంప, ఆ తరవాత మొహమంతా బయటపడింది. కిటికీ ముందు కూర్చుని, విన్నది విన్నట్టుగా కూతురి మాటలు చెబుతున్నది ఆ విలేకరే.