అయిదింటి దాకా

“ఈ పొద్దే ఆఖరి రోజప్పా. అయిదు దాటితే నా దావాకు దిక్కుండదు. ఇస్తావా, కోర్టుకు పొమ్మంటావా?”

హన్న కుర్చీలో కూర్చుంది గానీ బ్యాగు మాత్రం ఒళ్లోంచి దించలేదు. జీన్స్ ప్యాంట్లకు జిప్పులు, బటన్లు, దారం అమ్మే అంగడి ఆమెది. ఎదురుగా ఉన్న యేసుబాబు వాటితో ప్యాంట్లు కుట్టించి అమ్ముకున్న మనిషి. బాకీ ఆరు లక్షల నలభై వేలు. దావా వేయడానికి చట్టం ఇచ్చిన మూడేళ్ల గడువు ఈ రోజుతో సరి. ఆ డబ్బు రాకపోతే ఆమె అంగడి షట్టరు దించేసి ఇంట్లో కూర్చోవాల్సిందే.

“కోర్టు ఏంటికక్కా, ఒకే చర్చి సంఘంలో ఉండేటోళ్లం. కంప్లి నుంచి మా గుమాస్తా శివు దుడ్డు తీసుకొని వస్తాండాడు. బస్సెక్కినాడంట. స్వల్ప సేపు కూర్చో.”

గోడ గడియారం మూడుంబావు చూపిస్తోంది.

“లాయరమ్మ కోర్టు కాడ నిలబడి ఉండాది.”

“నిలబడనీ. దుడ్డు చేతికొస్తే నీకు ఆయమ్మ ఫీజు మిగుల్తాది కదా.”

యేసుబాబు నోటితో ఎన్ని వాయిదాలైనా పెడతాడు. ఆమె వాట్సాప్‌కు మాత్రం మూడేళ్లలో ఒక్క జవాబు ఇచ్చిన పాపాన పోలేదు. టీ తెప్పించాడు. అది అయ్యాక మళ్లీ తెప్పించాడు. పక్క గదిలో మిషన్లు గడగడలాడుతూనే ఉన్నాయి. నాలుగు కాగానే హన్న లేచింది.

యేసుబాబు గడియారం వంక చూశాడు. ఇక్కడి నుంచి కోర్టుకు ఆటోలో పావుగంట.

“ఉండక్కా, శివుకు ఫోన్ చేస్తా.” అవతల ఎవరూ లేని ఫోన్‌ను చెవికి ఆనించుకుని నిమిషం సేపు మాట్లాడాడు. “కురుగోడు దాటినాడంట. ఇంకేం, వచ్చేసినట్లే.”

హన్న గుమ్మం దగ్గర ఆగింది. “ఉత్తగా నిలబడి ఏం చేసేది. ఆదివారానికి ప్రార్థన చీటీలు పోగు చేస్తాండా. నీదొకటి రాసియ్యి, పోతా.”

వారం వారం ఇంటింటికీ తిరిగి చీటీలు తెచ్చేది హన్నే. ఎవరికి ఏం కావాలో విడమరిచి రాసి, కింద సంతకం చేసి తేదీ వేయాలి. ఆదివారం సంఘమంతా వాటి కోసం ప్రార్థిస్తుంది. కోరింది నెరవేరితే చీటీ రాసినవాళ్లకు వెనక్కి ఇచ్చేస్తారు.

యేసుబాబుకు ప్రాణం లేచొచ్చింది. చీటీ పేరుతో ఇంకో పది నిమిషాలు ఇట్టే గడపొచ్చు.

“నీ బాకీ గురించే రాస్తాక్కా. దేవుని ముందర అబద్ధం ఆడతానా?”

ఒక్కో అక్షరం దిద్దుతూ రాశాడు. రాసింది చదివి వినిపించాడు. “ప్రభువా, జిప్పులు, బటన్ల బాబతు హన్నక్కకు నేను ఇవ్వవలసిన ఆరు లక్షల నలభై వేలు తొందరగా తీర్చే దారి చూపించు.” సంతకం చేసి తేదీ కూడా వేశాడు. హన్న కళ్లు తడయ్యాయి. చీటీని మడిచి బ్యాగులో పెట్టుకుని మళ్లీ కుర్చీలో కూర్చుంది.

నాలుగున్నర అయింది. ఆమె చూపు కాసేపు గడియారం మీద, కాసేపు వీధి మీద. లే తల్లీ, ఇప్పటికైనా పో అని చెప్పే దిక్కు అక్కడ ఒక్కరూ లేరు. నాలుగూ ముప్పావు. యేసుబాబు మూడో టీ తెప్పించాడు.

అయిదు దాటి పది నిమిషాలయ్యాక ఆయన కుర్చీలో వెనక్కి వాలాడు.

“శివూ లేడు, బస్సూ లేదక్కా. నీ మూడేళ్లు అయిపోయినాయి. ఇంక యా కోర్టుకైనా పో. గడువు దాటినాదని మా లాయరు ఒక్క మాట చెప్తే కొట్టేస్తారు.”

ఏడుస్తుందనుకున్నాడు. హన్న నిదానంగా లేచి బ్యాగు భుజానికి తగిలించుకుంది.

“లాయరమ్మ కోర్టు కాడ లేదప్పా. కోర్టు ఫీజు కట్టేకి నాకాడ దుడ్డు యాడిది? పోగు చేసుకునేకి ఇంకా ఆరు నెలలన్నా పడతాది.”

“మరి ఇంతసేపు ఏంటికి కూర్చుంటివి?”

“నువ్వు నిజంగానే ఇస్తావేమోనని. ఇచ్చుంటే ఆ చీటీ నీ చేతికే ఇచ్చి పోతుంటి.”

“యా చీటీ?”

“గడువు లోపల బాకీ ఒప్పుకొని సంతకం చేస్తే, ఆ పొద్దు నుంచి మళ్లీ మూడేళ్లంట. ఎవురికి రాసినా చెల్లుతాదంటప్పా, దేవునికి రాసినా.”