ఒక్క అడుగు ముందు

“కాస్త తగ్గించి రాయమ్మా. పాపం, సాయానికి వచ్చిన మనిషి,” అన్నాడు స్పోర్ట్స్ ఎడిటర్, తెర మీద వార్త చదువుతూ.

విలేకరి ససేమిరా అంది. పద్దెనిమిదేళ్లుగా దివ్యాంగుల క్రీడల వార్తలు రాస్తోంది. ఆమెది ఒకటే పట్టుదల: జాలి కాదు, ఆట రాయాలి. బాగా ఆడితే ఆకాశానికెత్తేది, లేకపోతే కడిగిపారేసేది. ఆ కడుగుడుకి చక్రాల కుర్చీ బాస్కెట్‌బాల్ కెప్టెన్ ఒకాయన మూడు నెలలు ఆమెతో మాట్లాడలేదు. నాలుగో నెల తనే ఫోన్ చేసి, మమ్మల్నీ మిగతా ఆటగాళ్లని తిట్టినట్టే తిట్టేది నువ్వొక్కదానివే, మ్యాచ్‌కి రా అన్నాడు.

ఇవాళ్టి వార్త మాత్రం కడుపు రగిలించేదే. చూపులేని ఓ అమ్మాయి, అందరూ పిడుగు అని పిలుచుకునే పిల్ల, నాలుగొందల మీటర్ల ఫైనల్లో మిగతావాళ్లను ఎక్కడో వెనక వదిలేసింది. బంగారం ఖాయమనుకున్నారు. తీరా చూస్తే అనర్హత వేటు! ఆమె చేతికీ తన చేతికీ తాడు కట్టుకుని పక్కనే పరిగెత్తిన గైడ్, ఆమెకంటే ఒక్క అడుగు ముందు గీత దాటేసింది. పోటీలో ఉన్న పిల్ల దాటాకే గైడ్ దాటాలి. ఓనమాలు తెలిసినవాళ్లెవరూ చెయ్యని తప్పు.

అసలు గైడ్‌కి పొద్దున్నే చీలమండ బెణికింది. రోజూ మైదానంలో వాళ్లతో పాటు పరిగెత్తే ఒకావిణ్ణి బతిమాలి దింపారు. ఆవిడ చేసిన నిర్వాకం ఇది.

“‘ఎవరో తరుముతున్నట్టు గీత మీద పడింది’... మరీ ఇంతలానా?” ఎడిటర్ నవ్వు ఆపుకోలేకపోయాడు.

“అంత దగ్గర్నుంచి నేనెప్పుడూ చూళ్లేదు సార్. జరిగిందే రాశాను.”

అయితే గైడ్ అని రాసి ఊరుకో, పేరు వద్దు, రేపు నలుగురిలో తలెత్తుకు తిరగొద్దా అన్నాడాయన. విలేకరి చేతులు కీబోర్డు మీద ఆగిపోయాయి. పేరు దగ్గరే ఆమెకూ మనసొప్పడం లేదు.

అంతలో పిడుగు ఫోన్. పతకం పోయిన పిల్ల ఏడుస్తుందేమోనని భయపడుతూనే ఎత్తింది.

“రాశావా అక్కా?” పిడుగు గొంతు నిండా నవ్వే. “బాగా దులుపు ఆవిణ్ణి. పేరు కూడా వెయ్యాలి. మొన్న నేను తుపాకీ పేలకముందే దూకితే నా పేరు వేశావుగా? వచ్చే నెల పోటీకి మళ్లీ ఆవిడే రావాలని కూడా రాయి. ఈసారి నా వెనకాల దాటమను.”

విలేకరికి నవ్వూ ఏడుపూ ఒకేసారి వచ్చాయి. సరేనని పెట్టేసి, గైడ్ అన్న మాట పక్కన పేరు కొట్టింది.

ఎడిటర్ వంగి చూశాడు. కళ్లజోడు తుడుచుకుని మళ్లీ చూశాడు.

వార్త పైన విలేకరి పేరూ, లోపల గైడ్ పేరూ ఒకటే.