కలెక్టరుగారికి సాక్ష్యం

చోడవరం టాకీసు వెనక సందులో నిషేధాన్ని లెక్కచెయ్యకుండా రాత్రిళ్ళు సాగే సారా, పేకాట, సానిపాటలను ఫోటోలు తీసి కలెక్టరుగారికి పంపాలని నీతిసంఘం కార్యదర్శి అనంతరామయ్యగారు కంకణం కట్టుకున్నారు. జన్మలో మొదటిసారి అంటూ ఆ పాపపు సందులో కాలుపెట్టి, స్టాండు మీద కెమెరా నిలబెట్టి, ఊరిని ఉద్ధరించి వచ్చారు.

కడిగించి తెచ్చిన ఫోటోలు భార్య కమలాంబ ముందు పరిచారు.

"ఎంత సాహసం చేసేననుకున్నావు! ఇదిగో, ఇది సారాకొట్టు కుక్క. కొత్తమనిషి కనిపిస్తే చాలు, పిక్క పీకేస్తుంది. పోలీసులే అటు పోరు."

కమలాంబ ఫోటోని భక్తిగా అందుకుంది. "కుక్క బాగానే పడింది గానీ, దీని తోకేటండీ, అలికేసినట్టుంది?"

ఆమె అజ్ఞానానికి జాలిపడి ఆయన శాస్త్రం విప్పారు. "రాత్రి ఫోటోకి కెమెరా మూత చాలాసేపు తీసి ఉంచాలే పిచ్చిదానా. కదలనిది స్పష్టంగా పడుతుంది. ఊగేది అలా చెరిగిపోతుంది."

"ఓహో, అలాగా!" అని కమలాంబ ఫోటో తిరిగి ఆయన చేతిలో పెట్టింది.

"అయితే ఇదొక్కటీ కలెక్టరుగారికి పంపకండేం. మిమ్మల్ని చూసి తోకాడించిందని ఆయనక్కూడా తెలిసిపోతుంది."