పిచ్చుక గది

"ఈ గదికి నిప్పు పెట్టనివ్వను," అన్నాడు ఆర్ట్ డైరెక్టర్, సెట్ గుమ్మానికి అడ్డంగా నిలబడి.

దర్శకుడు మానిటర్ దగ్గర్నుంచి లేచి వచ్చాడు. కథలో ఇల్లు తగలబడాలన్నది మొదటినుంచీ ఈయనకు తెలిసిందే. గీసిందీ కట్టించిందీ ఈయనే. నటులు కట్టుకునే బట్టల దగ్గర్నుంచి గోడ మీద మేకు దాకా ఈయన చెప్పిందే ఖాయం. తీరా కెమెరాలు సిద్ధమై, ఫైరింజన్ కూడా వచ్చి నిలబడ్డాక ఇదేం పేచీ?

"కాల్చడానికేగా అన్నా కట్టాం?" అన్నాడు మెల్లగా.

ఆయన గుమ్మం వదల్లేదు. స్క్రిప్టులో 'పాప గది' అని మాత్రమే ఉంది. ఎలాంటి గది గీద్దామని కూర్చున్నా ఆయన చేతికి ఒకటే గది వచ్చింది. పోయిన కూతురిది. ఒక్కచోట కుదురుగా ఉండదని ఆ పిల్లను ఇంట్లో పిచ్చుక అనేవారు. ఆ మంచం, గోడ నిండా పెన్సిల్ గీతలు, చెవి ఊడిన గుడ్డ కుందేలు, పచ్చ గౌను, అన్నిటినీ ఉన్నదున్నట్టు దింపించాడు. అసలువి ఇంట్లో పిచ్చుక గదిలోనే ఉన్నాయి. షూటింగ్ లేదంటే ఆయన మకాం అక్కడే. పడక కూడా ఆ చిన్న మంచం మీదే, కాళ్ళు ముడుచుకుని.

ఆయన సినిమాలకు బట్టలు కుట్టేది భార్యే. ఈ గౌనూ ఆవిడే కుట్టింది. కొత్త గుడ్డను టీ నీళ్ళలో నానబెట్టి, గరుకు కాగితంతో రుద్ది, ఉతికి ఉతికి పాతదానిలా చేసింది. పొద్దున్నే వచ్చి సెట్‌లో సామానంతా సర్దింది కూడా ఆవిడే.

ఇప్పుడు జనాన్ని తప్పించుకుంటూ వచ్చి ఆయన మోచెయ్యి పట్టుకుంది.

"పక్కకు రండి. అందరూ మనకోసం ఆగిపోయారు."

"నా చేత్తో కట్టి, నా కళ్ళముందే..."

"సెట్టే కదండీ. రండి."

ఆయన తప్పుకున్నాడు. ముందుగా కిటికీ తెర అంటుకుంది. ఆ మంట మంచాన్ని చుట్టుకుంది. వంకెకు వేలాడుతున్న పచ్చ గౌను వేడిగాలికి ఒక్కసారి పైకి లేచి, ముడుచుకుపోయింది. పక్కన భార్య నోట్లో కొంగు కుక్కుకుని కుప్పకూలింది. పిల్ల పోయినప్పుడు కూడా ఆవిడ అలా ఏడవడం ఆయన చూడలేదు. తన ఏడుపు మరిచిపోయి ఆవిడను లేవదీశాడు. సెట్టే కదా అంటూ ఈసారి ఆయనే ఓదార్చాడు. ఇంటికొచ్చేదాకా ఆవిడ చెయ్యి వదల్లేదు.

ఇంట్లో అడుగు పెట్టగానే తిన్నగా పిచ్చుక గదిలోకి వెళ్ళాడు. గౌను తీసి ఒళ్ళో పెట్టుకుని మంచం మీద కూర్చున్నాడు. అప్పటికి గానీ ఆయన ప్రాణం కుదుటపడలేదు. ఆ గుమ్మం తొక్కడమే మానేసిన మనిషి, భార్య కూడా వెనకాలే లోపలికి వచ్చింది.

"అంతలా ఏడ్చావేంటి? ఇవిగో, అన్నీ ఇక్కడే ఉన్నాయిగా," అంటూ ఆయన గౌనును ముఖానికి ఆనించుకున్నాడు. "ఇంకా దాని వాసనే వస్తోంది, చూడు."

ఆవిడ పక్కన కూర్చుని ఆయన తల నిమిరింది.

"అది పోయినా మీరు పోనివ్వలేదు. మీరేమైపోతారోనన్న భయంతో నేను ఏడవను కూడా లేదు. నావల్ల కాలేదండీ. ఇవాళ దాన్ని పంపించేశాను."

ఆయన గౌనులోంచి తలెత్తి అయోమయంగా చూశాడు.

"అది నేను కుట్టిన గౌను," అంది ఆవిడ. "పిచ్చుకది పొద్దున సెట్‌లో తగిలించి వచ్చాను."