తలా ఒక పోచ

పాడుబావి మీదికి వంగిన తుమ్మచెట్టుకి, ఏ కాలంలోనో ఏమో, గిజిగాళ్ల గూళ్లు వేలాడుతుండేవి. గాలికి ఊగి తెగిపోకుండా గూట్లో తడిమట్టి ముద్ద పెట్టుకునే హక్కు మాత్రం పైకొమ్మ పిట్టలదే. దేవుడు అలా రాసిపెట్టాడట. కిందికొమ్మ గుడ్లు ఏటా బావిలో రాలిపోయేవి.

పైకొమ్మలోనే పుట్టిన ముసలి ఒండ్రయ్య ఒకనాడు, "గాలికి లేని పట్టింపు మనకెందుకర్రా?" అంటూ కిందిగూళ్లన్నిటికీ ముక్కుతో మట్టి మోసిపెట్టాడు. ఆ ఏడు కిందికొమ్మ సుక్కి గూట్లో మొదటిసారి మూడు గుడ్లు నిలిచాయి.

పెద్దలు ఒండ్రయ్య రెక్కలు విరిచి, అతని గూట్లోనే కూర్చోబెట్టారు.

"దైవద్రోహం చేశానని ఒప్పుకో, వదిలేస్తాం."

"ఆ గుడ్లనడుగు, ద్రోహమో కాదో!" అన్నాడు ముసలాయన.

"సరే. మనది చంపే జాతి కాదు," అన్నాడు కులపెద్ద అందరి వైపూ తిరిగి. "ఇతని గూటి నుంచి తలా ఒక పోచ లాగండి, చాలు. లాగినవాళ్ల మట్టి జోలికి రాం. లాగనివాళ్ల మట్టి ఈ పూటే తీయిస్తాం."

సుక్కి వంతు వచ్చేసరికి గూడు ఒక్క పోచ మీద వేలాడుతోంది.

"తాతా..." అంది.

"లాగు తల్లీ. అవతల గుడ్లు చల్లారిపోతాయి," అన్నాడు లోపల్నుంచి.

కళ్లు మూసుకుని లాగింది. నీళ్ల మీది తుమ్మపూలు చెదిరి, మళ్లీ కలిసిపోయాయి.

సాయంత్రం పెనుగాలి లేచింది. కొమ్మలన్నీ ఊగిపోయాయి. సుక్కి గూడు మాత్రం నిలకడగా ఉంది. గుడ్లను రెక్కల కింద పొదువుకుని, ఒక్కసారైనా ఊగితే బాగుండునని అది ఏడ్చింది.