మూత లోపలి చెమ్మ

ఫుమి నీళ్ల బకెట్టుతో వచ్చేసరికి గుమ్మంలో ఒక కొత్త మనిషి కూర్చుని ఉన్నాడు. ఒంటి మీద ఆసుపత్రి బట్టలు, మెడంతా కాలిన మచ్చలు.

"ఎవరయ్యా నువ్వు?"

"తోకుజి గారిల్లు ఇదేనా, చెల్లెమ్మా?"

ఫుమి బకెట్టు దించేసింది. ఆమె భర్త తోకుజి విమానవాహక నౌకలో మెకానిక్కు. వేసవి మొదట్లో కురె రేవు నుంచి యుద్ధానికి వెళ్లిన ఓడ, ఇంతవరకూ అయిపూ అజా లేదు.

"నువ్వూ ఆ ఓడలోనేనా? ఎలా ఉన్నాడు?"

అతను నోరు తెరిచాడు. అంతలోనే వెనక సందులోకి తిరిగి చూశాడు.

"చెప్పకూడదేమోలే. మీ నౌకాదళం వాళ్లు పెళ్లాం దగ్గర కూడా నోరు విప్పరుగా!" నవ్వేసింది ఫుమి. "నాకొకరు చెప్పక్కర్లేదు. ఇలా రా, చూడు."

లోపల తోకుజి కూర్చునే చోట వేడి అన్నం, పులుసు వడ్డించి ఉన్నాయి. దూరాన ఉన్న మనిషికి పూటపూటా ఇలా పెడతారు. గిన్నె మూత లోపల చెమ్మ పట్టిందంటే మనిషి క్షేమం.

ఆమె మూత ఎత్తి చూపించింది.

"చూశావా, బొట్లు బొట్లుగా! ఒక్క పూట తప్పలేదు. నిక్షేపంలా ఉన్నాడు."

అతను ఆ బొట్లనే చూస్తూ ఉండిపోయాడు. తర్వాత మోకాళ్ల మీద కూలబడి చేతులు జోడించాడు, పోయినవాళ్ల పటం ముందు జోడించినట్టు.

ఫుమికి ఒళ్లు మండిపోయింది.

"నీ చేతులు పడిపోను! బతికున్న మనిషికి దణ్ణాలేమిటి? లే, నడు!"

"చెల్లెమ్మా, తోకుజి..."

"ఆ పేరెత్తకు!"

చావింటి నుంచి వచ్చాక చల్లుకునే ఉప్పు గుప్పెడు తీసి అతని ముఖాన కొట్టింది. కాసేపటికి సైనిక పోలీసులు వచ్చి అడిగితే, అతను పోయిన సందు వేలెత్తి చూపించింది కూడా.

యుద్ధం ముగిసింది. ఊరు బూడిదైంది. ఫుమి రేకుల పాకలో ఇంకా వడ్డిస్తూనే ఉంది. ఒకరోజు నౌకాదళ ఆసుపత్రిలో నర్సుగా చేసిన కియొకొ అనే ఆమె వెతుక్కుంటూ వచ్చింది.

"మీ ఆయన ఓడ ఆ ఏడు జూన్‌లోనే కాలి మునిగిపోయిందమ్మా. ఓటమి బయటపడకూడదని, బతికొచ్చినవాళ్లని ఎవరితోనూ మాట్లాడనివ్వలేదు. ఒక్కడు మాత్రం ఆసుపత్రి గోడ దూకి మీ ఇంటికొచ్చాడు. పట్టుకొచ్చి, గాయాలు మానకముందే దక్షిణ దీవులకు పంపేశారు. అక్కడే పోయాడు."

తోకుజి లేడని ఫుమికి లోలోపల ఎప్పుడో తెలుసు. తెలియనిది ఒక్కటే, అదే ఆమెను తొలిచేస్తోంది.

"ఆఖర్న ఆయన ఏమన్నాడమ్మా? నన్ను తలుచుకున్నాడా? ఎవరినడిగితే తెలుస్తుంది?"

కియొకొ తల దించుకుంది.

"ఓడ మునిగిన రాత్రంతా సముద్రంలో మీ ఆయన్ని పట్టుకుని ఉన్నది, మీ ఇంటికొచ్చిన అతనే. ఆఖరి మాట విన్నదీ అతనొక్కడే. అది మీకు తప్ప ఇంకెవరికీ చెప్పనన్నాడు."